ఆండాళమ్మ తెరవనన్న కన్ను

2006వ సంవత్సరం, జూన్ నెల. పాండిచ్చేరిలో ఒక కంటి ఆస్పత్రిలో ఆడవాళ్ళ వార్డుకు నేను స్టాఫ్ నర్సును. మాది యానాం. పాలన ఒకటే అయినా యానానికీ పాండికీ మధ్య బోలెడు ఆంధ్రా, కొంత తమిళనాడు ఉన్నాయి. ఉద్యోగం కోసం వచ్చి పద్దెనిమిదేళ్ళయినా నా తమిళంలో యాస పోలేదు. తరతరాలుగా ఇక్కడే స్థిరపడిన తెలుగువాళ్ళు చాలామంది ఉన్నారు. వాళ్ళలో పెద్దవాళ్ళెవరైనా ఆస్పత్రికి వస్తే, "యానాం సిస్టర్ దగ్గరికి పంపండి" అనడం ఓపీలో అలవాటు. వాళ్ళ తెలుగు నాకు సగం అర్థమయ్యేది, నా తెలుగు వాళ్ళకు సగం అర్థమయ్యేది. పని మాత్రం జరిగిపోయేది.

మా వార్డులో ఇరవై పడకలు. ఎక్కువమంది కేటరాక్ట్ వాళ్ళే, అంటే కంట్లో శుక్లాలు. ముందురోజు చేరిక, మర్నాడు ఆపరేషన్, ఆ మర్నాడు పొద్దున ఏడింటికి ప్యాడ్ ఓపెనింగ్, అంటే కంటికి కట్టిన దూదిగుడ్డ తీయడం. రోగి వెంట అటెండర్ ఉండి తీరాలి. ఆస్పత్రి భాషలో అటెండర్ అంటే తోడు వచ్చిన మనిషి. ఆపరేషన్ అంగీకార పత్రం మీద సాక్షి సంతకం పెట్టాలి, అన్నం తినిపించాలి, రోగి నిద్రలో చెయ్యి కంటి మీదికి పోకుండా చూసుకోవాలి. అటెండర్ లేకపోతే అడ్మిషన్ లేదు. ఈ రూలు పెట్టింది నేను కాదు, కానీ దాన్ని నాకంటే గట్టిగా పట్టుకున్నవాళ్ళు ఆ ఆస్పత్రిలో లేరు. నాకు నోటిదురుసు ఉందని అందరికీ తెలుసు.

ఇంకో సంగతి చెప్పాలి. ప్యాడ్ తీసేటప్పుడు మొదటి చూపు ఎవరి మీద పడాలన్నది మా వార్డులో పెద్ద వ్యవహారం. ఏ పుస్తకంలోనూ లేని ఈ ఆచారాన్ని మానిపించిన నర్సును నేను చూడలేదు. ఒకరు దేవుడి పటం పట్టుకొస్తారు, ఒకరు చంటిపిల్లను ఎత్తుకొస్తారు, ఒకరు పసుపు కుంకుమలతో కోడల్ని నిలబెడతారు. డాక్టరమ్మ నవ్వి ఊరుకునేది. నేనూ ఒక్క నిమిషం జరిగి వాళ్ళకు చోటిచ్చేదాన్ని. అయితే కట్టు విప్పి, తడిదూదితో రెప్పలు తుడిచి, "మెల్లగా తెరవండి" అంటూ మీదికి వంగేది నేనే. వాళ్ళు పటం పైకెత్తేలోపే చాలామంది మొదట చూసేది నా ముఖమే. ఆ మాట నేనెప్పుడూ బయటపెట్టలేదు, ఎందుకంటే అప్పటికి మా ఆయన పోయి పదిహేడు నెలలు.

ఆయన కరెంటాఫీసులో పనిచేసేవారు. ఒకరోజు పొద్దున స్కూటర్ స్టార్ట్ చేస్తూ చేస్తూ పక్కకు ఒరిగిపోయారు. మాకు పిల్లలు లేరు. పదహారు రోజులు సెలవు పెట్టి, పదిహేడో రోజు స్టిక్కర్ బొట్టు పెట్టుకుని డ్యూటీకి వచ్చాను. బొట్టు లేకుండా వస్తే ఎవరు ఏమంటారోనని భయపడ్డాను. పెట్టుకుని వచ్చినందుకు కూడా ఎవరూ ఏమీ అనలేదు. తోటి సిస్టర్లు నా ముందు వాళ్ళ భర్తల మాట ఎత్తడం మానేశారు, ఆ తర్వాత నాతో మాట్లాడడమే తగ్గించారు. మురుంగపాక్కంలో మా అద్దె ఇంటికి మనుషులు రావడం ఆగిపోయింది. ఇంటికి పోబుద్ధి కాక ఎవరు అడిగినా వాళ్ళ డ్యూటీ చేసేదాన్ని. మంచి మనిషినని పేరొచ్చింది. అది మంచితనం కాదు, ఇంటి తాళం తీయాలంటే భయం.

ఆండాళమ్మ మొదటిసారి వచ్చింది ఆ రోజుల్లోనే. అరవై దాటిన మనిషి, కదిర్కామంలో పాత కాపుదనం, సొంత సేద్యం ఉన్న కుటుంబం. భర్త పోయి ఎనిమిది నెలలు. ఎడమ కన్ను చిన్నప్పుడే ఏదో జ్వరంలో పోయింది. ఉన్నది కుడికన్ను ఒక్కటే, అందులోనూ పొర పూర్తిగా తెల్లబడి ముదిరిపోయింది. దీన్ని మెచ్యూర్ కేటరాక్ట్ అంటాం. ఇంకా వదిలేస్తే అది లోపలే కరిగి కంట్లో ఒత్తిడి పెరుగుతుంది, వెనకాల నరం దెబ్బతింటుంది. నరం పోయిన కంటికి ఎవరూ చూపు తేలేరు. రెండు వారాల్లో ఆపరేషన్ చేయాలని డాక్టరమ్మ కేస్ షీటు మీద రాసి నా దగ్గరికి పంపింది.

"అటెండర్ ఎవరమ్మా?" అన్నాను.

"ఎవురూ రాలేదు సిస్టర్. నేనొగదాన్నే వచ్చినా."

"ఇంట్లో ఎవరూ లేరా?"

"మరిది ఉండాడు, తోడికోడలు ఉండాది, వాళ్ళ పిల్లోళ్ళు ఉండారు. ఇంట్లో పెండ్లి పెట్టుకోనుండారు."

"అయితే పెళ్ళయ్యాక వాళ్ళను తీసుకుని రండి."

తలెత్తకుండానే ఆ మాట అన్నాను. ఆమె కేస్ షీటు మడిచి కొంగున దోపుకుని గోడ పట్టుకుని వెళ్ళిపోయింది.

వారం తర్వాత మళ్ళీ ఒక్కతే వచ్చింది. పొద్దున ఐదున్నరకే ఆటోలో దిగి గేటు ముందు కూర్చుని ఉందని వాచ్‌మన్ చెప్పాడు. అంత పెందలాడే ఎందుకొచ్చావమ్మా అంటే, "పొద్దున్నే పనిమీద పోయేవాళ్ళకు నేను ఎదురు రాకూడదు గదా, జనం లేవకముందే కదిలినా" అంది. కంట్లో ఒత్తిడి అప్పటికే పెరగడం మొదలైంది. ఈ వారంలో చేయకపోతే తన పూచీ లేదని డాక్టరమ్మ తేల్చి చెప్పింది.

"ఇంట్లో అడిగారా?" అన్నాను.

"అడగలా. పెండ్లి ఇల్లు సిస్టర్. నేను ఆస్పత్రికి పోవల్ల, తోడు రాండి అని నోరు తెరిస్తే అదే అపశకునం. ఒగ సంతకమే గదా, నువ్వు పెట్టలేవా?"

"రూలు ఒప్పుకోదమ్మా."

అప్పుడే వెనక బెంచీ మీద నుంచి ఒక గొంతు వినపడింది. "ఏంది సిస్టర్, మనిషే గదా కావల్ల? నేను రానా?"

ధనమ్మ. ఏడాది కిందట ఆమె ఎడమ కంటికి మా వార్డులోనే ఆపరేషన్ జరిగింది, ఆ రోజు చెకప్‌కు వచ్చింది. తట్టాంచావడిలో ఒక వర్క్‌షాపులో ఊడ్చే పని. ముందరి పళ్ళు నాలుగూ లేవు, మాటతో పాటు గాలీ వచ్చేది. భర్త పోయి పదేళ్ళు దాటింది.

"ఈమె మీకేమవుతుంది?" అని అడిగాను.

"ఏమీ కాదు. పోయినేడు నాకు సెల్వి వచ్చె గదా, అదీ నాకు ఏమీ కాదు. దాని మొగుడూ పోయినాడు, నా మొగుడూ పోయినాడు. రేషన్ క్యూలో చూసుకున్నాం. అంతే."

ఆండాళమ్మ నా చెవి దగ్గరికి వంగి, "వాళ్ళు ఏ మనుషులు సిస్టర్?" అని మెల్లగా అడిగింది. నాకు ఒళ్ళు మండింది. "కన్ను కనిపించే మనుషులమ్మా. మీకిప్పుడు కావలసింది అదే" అన్నాను. ధనమ్మకు ఆ ప్రశ్న వినబడే ఉంటుంది, కానీ విననట్టే కూర్చుంది. ఆమెకు వర్క్‌షాపులో ఎంత పనుందో, ఎన్ని రోజులు మానుకోవాల్సి వస్తుందో నేను అడగలేదు.

మర్నాడు చేరినప్పుడు ఆండాళమ్మ మూల మంచం అడిగింది. ఆపరేషన్‌కు వెళ్ళేవాళ్ళ కంట పడకూడదని గోడవైపు తిరిగి కూర్చుంది. మధ్యాహ్నం ధనమ్మ తెచ్చిన పెరుగన్నం ముట్టకుండా ఆస్పత్రి రొట్టె నమిలింది. ధనమ్మ నొచ్చుకోలేదు. సాయంత్రం నేను మందుల ట్రాలీ సర్దుతుంటే వాళ్ళ మాటలు వినపడ్డాయి.

"మీ ఇంటాయన పేరేంది?" అని ధనమ్మ అడిగింది.

"పేరెట్ల చెప్పేది?"

"పోయినాడు గదా, ఇంక ఎవురు కొడతారు? చెప్పు."

ఆండాళమ్మ నవ్వింది. చాలాకాలం వాడని తలుపు కిర్రుమన్నట్టు వచ్చింది ఆ నవ్వు. పేరు చెప్పింది. ఆ తర్వాత అరగంట ఆగలేదు. ఆయన ఎద్దులతో ఎట్లా మాట్లాడేవాడో, ఆమెను ఎన్నిసార్లు తిట్టాడో, తిట్టిన రోజు సాయంత్రం మల్లెపూలు తెచ్చి తన చేతికివ్వకుండా తలుపు గొళ్ళానికి తగిలించి ఎట్లా పోయేవాడో, అన్నీ చెప్పింది. "ఎనిమిది నెల్లుగా ఆయన మాట నోట్లోకి రాలేదు, అడిగినోళ్ళు లేరు" అంది. రాత్రి భోజనానికి ధనమ్మ డబ్బాలోంచే తింది. ట్రాలీ మీద సీసాలు సర్దినవే సర్దుతూ నిలబడ్డాను. నిజం చెప్పొద్దూ, నాకు అసూయ కలిగింది.

మర్నాడు ఆపరేషన్ బాగా జరిగింది. పొర తీసి, ఐఓఎల్ పెట్టారు. ఐఓఎల్ అంటే కంటిలోపల అమర్చే చిన్న లెన్స్. ఇక ప్యాడ్ తీసి చూడడమే మిగిలింది. రెండో కన్ను లేని మనిషి కాబట్టి ఆ వార్డులో అందరికంటే నాకు ఆమె గురించే ఎక్కువ ఆందోళన.

ఆ మర్నాడు ఏడు గంటలకు ఆరుగురికి ప్యాడ్లు తీయాలి. ఆండాళమ్మ పక్క మంచం పెద్దావిడ కోడలు ఇత్తడి పళ్ళెంలో అద్దం, కుంకుమ పెట్టుకుని సిద్ధంగా ఉంది. ధనమ్మ ఎదురుగా నిలబడి ఉండడం చూసి నన్ను పక్కకు పిలిచింది. మంచిగానే అడిగింది. "మా అత్త కన్ను తెరిచేసరికి ఆమె ఎదురుగా ఉంటుంది సిస్టర్. కొంచెం బయటికి పంపరా? తప్పుగా అనుకోకండి" అని తమిళంలో అంది.

నేను పంపాను. ఏడాదిన్నరగా ఆ వార్డులో ఎందరో మొదట చూసిన ముఖం నాదే, అయినా నోరు మెదపలేదు. డాక్టరమ్మ వచ్చే వేళయింది, గొడవ ఎందుకనుకున్నాను. "ధనమ్మా, కాసేపు వరండాలో కూర్చో" అన్నాను. ఆమె నా నుదుటి వైపు ఒకసారి చూసి, "సరి సిస్టర్" అని వెళ్ళిపోయింది. నా ఉద్యోగంలో నేను చేసిన తప్పుల్లో ఇంత చిన్నగా కనబడి ఇంత పెద్దదైనది ఇంకోటి లేదు.

ఆండాళమ్మ కట్టు విప్పాను. రెప్పలు తుడిచాను. "మెల్లగా తెరవండి" అన్నాను.

"ధనం యాడ?"

"బయట ఉంది."

"బయట ఏందికి?"

నేను దూదిని మళ్ళీ తడిపాను. పక్క మంచం దగ్గర కోడలు పళ్ళెంలోకి చూస్తూ నిలబడింది. ఆండాళమ్మకు అర్థమైపోయింది. అలాంటి సంగతులు ఆమెకు ఒకరు విప్పి చెప్పనక్కర్లేదు.

"ఎనిమిది నెల్లుగా నా ఎదురుగా ఎవురూ రాలేదు సిస్టర్. వచ్చింది ఆయమ్మ ఒగతే. ఆమెను బయట కూచోబెట్టి నేనింక ఎవుర్ని చూడల్ల?" అంది. గొంతు పెంచలేదు. కన్ను మాత్రం గట్టిగా మూసేసింది.

అది మామూలు అలక అయితే నేనూ మందలించి తెరిపించేదాన్ని. కానీ ముందురోజే కోసిన కన్ను. రెప్పలు బిగబడితే లోపల గాయం మీద ఒత్తిడి పడుతుంది, గాయం నోరు తెరుచుకుంటే చేసిందంతా వృథా. డాక్టరమ్మ వచ్చి బతిమాలింది, తర్వాత కసిరింది. కసిరేకొద్దీ ఆమె ఇంకా బిగించింది. "ఏం చేస్తారో నాకు తెలీదు సిస్టర్, ఆ కన్ను తెరిపించండి" అని డాక్టరమ్మ పక్క మంచానికి వెళ్ళింది.

వరండాలోకి పరుగెత్తాను. ధనమ్మ మెట్ల మీద కూర్చుని ఉంది. "లోపలికి రా, నువ్వు లేందే కన్ను తెరవనంటోంది" అన్నాను.

ఆమె కదల్లేదు. కోపమేమో అనుకుని క్షమించమన్నాను. కోపం కాదు. "ఆయమ్మకు ఉండేది ఒగ కన్నే సిస్టర్" అంది. "నా మొగం పడి, దానికి ఏమన్నా అయితే? నువ్వు పొమ్మన్నప్పుడు నాకు నవ్వొచ్చె. ఈడ కూచుంటే భయం వచ్చేసింది. నన్ను పిలవద్దు."

ఊరందరి మీదా జోకులేసే మనిషి, చీర చెంగు నోట్లో కుక్కుకుని కూర్చుంది. ఆ భయం అందరిలోనూ ఉంది. పళ్ళెం పట్టుకున్న కోడల్లో ఉంది, గోడవైపు తిరిగిన ఆండాళమ్మలో ఉంది, స్టిక్కర్ బొట్టు పెట్టుకుని తిరిగే నాలో ఉంది. నేను ఆమె పక్కన మెట్టు మీద కూర్చున్నాను. యూనిఫాంలో అలా కూర్చోకూడదు. లోపల ఒక కన్ను బిగుసుకుని ఉంది, నాకు టైం లేదు.

"మా ఆయన పోయి పదిహేడు నెలలైంది ధనమ్మా" అన్నాను. ఆ ఊళ్ళో ఆ మాట నా నోటితో నేను చెప్పడం అదే మొదలు. "రోజూ పొద్దున ఈ వార్డులో అందరూ ముందు చూసేది నన్నే. నీ ఎడమ కన్ను కూడా ముందు చూసింది నన్నే. కనపడుతోందా లేదా?"

ఆమె కొంగు నోట్లోంచి తీసింది. "తెలుసు సిస్టర్. మీ వార్డు ఆయా అప్పుడే చెప్పె. నువ్వుగా చెప్తావేమోనని ప్రతి చెకప్‌కూ నీ ముందర కూచుంటా ఉండా. నువ్వు మొగం ఎత్తితే గదా" అని లేచింది. "కన్ను బాగానే కనబడతా ఉండాది. పద."

ధనమ్మ వెళ్ళి మంచం ముందు నిలబడి, "తెరువమ్మా, నాకు పనికి టైం అయింది" అంది. ఆండాళమ్మ రెప్పలు వదులయ్యాయి. మెల్లగా తెరిచింది. నీళ్ళు కారాయి. ధనమ్మను పైనుంచి కింది దాకా చూసింది. అంతవరకూ ఆమె గొంతు వినడమే తప్ప మనిషిని చూడలేదు కదా.

"నీకు ముందర పళ్ళు లేవని చెప్పనే లేదే" అంది.

వార్డంతా నవ్వింది. పళ్ళెం పట్టుకున్న కోడలు కూడా నవ్వి, తర్వాత తల దించుకుంది. గాయం చెక్కుచెదరలేదు, ఒత్తిడి దిగింది. ఆ కోడలి అత్త కన్ను కూడా చక్కగానే ఉంది.

ఆపరేషన్ తర్వాత ఆరు వారాలు చుక్కల మందు వేయాలి. మొదట్లో గంటకోసారి. పొగ తగలకూడదు, వంగకూడదు, బరువెత్తకూడదు. పెళ్ళింట్లో ఇవి కుదిరే పనులు కావు. ఆండాళమ్మ ధనమ్మ గదికే వెళ్ళింది. పగలు సెల్వి చుక్కలు వేసేది, పొద్దునా సాయంత్రమూ ధనమ్మ. మరిది ఒకసారి చెకప్‌కు వచ్చి, "మా వదినను ఊరోళ్ళ ఇంట్లో పెట్టినామని మాట వచ్చింది" అన్నాడు. పెళ్ళి అయ్యాక ఆమెను తీసుకెళ్ళాడు. గురువారం చెకప్ రోజుల్లో ముగ్గురూ బెంచీ మీద కూర్చుని డబ్బాలు విప్పుకునేవాళ్ళు. నన్ను పిలిచేవాళ్ళు. పనుందని తప్పించుకునేదాన్ని. మెట్ల మీద ఒక్కసారి నోరు విప్పినంత మాత్రాన బిడియం పోతుందా.

ఐదో వారం ఆదివారం నాడు మా ఇంటి తలుపు చప్పుడైంది. ఆండాళమ్మ. వార్డు ఆయాను అడ్రసు అడిగి, కదిర్కామం నుంచి రెండు బస్సులు మారి, నంబర్లు తానే చూసుకుని ఒక్కతే వచ్చింది. భర్త పోయి ఏడాది తిరక్కుండా అలా ఇంకొకరి గడప తొక్కకూడదని ఆమెకు తెలియదా? తెలుసు.

"నువ్వు రావు, అందుకే నేనే వచ్చినా" అంది. కాఫీ తాగింది. ధనమ్మ అంతా చెప్పే ఉంటుంది, గోడలన్నీ చూసింది. "ఆయన పటం యాడ?"

పటం బీరువాలో చీరల కింద, బోర్లా పెట్టి ఉంది. గోడకు తగిలిస్తే దండ వేయాలి, దండ వేస్తే ఆయన పోయినట్టే. ఈ పిచ్చి లెక్క ఎవరికీ చెప్పలేదు. తీసుకొచ్చి ఆమె చేతిలో పెట్టాను. దగ్గరి చూపుకు ఇంకా కళ్ళజోడు రాలేదు, అందుకని చెయ్యి చాచి దూరంగా పట్టుకుంది. తల అటూ ఇటూ వంచి, ఆ ఒక్క కంటితో చాలాసేపు చూసింది. 

"మీసం ఒగపక్క కొంచెం పొడుగుండాది" అంది.

నాకు నవ్వొచ్చింది, ఆ వెంటనే ఏడుపొచ్చింది. ఏడాదిన్నర తర్వాత వచ్చిన ఏడుపు కదా, కట్ట తెగింది. ఆయన అద్దం చూసుకోకుండా మీసం కత్తిరించుకునేవారు. ఆ మీసం మీద ఇరవై ఏళ్ళు వేళాకోళం చేశాను. ఆండాళమ్మ నన్ను ఊరుకోమనలేదు. పటం ఒళ్ళో పెట్టుకుని, నా ఏడుపు అయ్యేదాకా కూర్చుని, తర్వాత ఇంకో కాఫీ అడిగింది.

అప్పటిదాకా నేను వార్డులో చాలామందికి ధైర్యం చెప్పాను. ధైర్యం చెప్పడం తేలిక, రెండు ముక్కల్లో అయిపోతుంది. పోయిన మనిషి గురించి అడిగి, చెప్పేదంతా వినడానికి మాత్రం ఒక పూట కావాలి. ఆ పూట ఇవ్వడం ఆ ముగ్గురి దగ్గర నేర్చుకున్నాను. అలాగని ఒంటరితనం పోయిందని చెప్పను. తాళం తీసేటప్పుడు ఇప్పటికీ చెయ్యి ఒక్క క్షణం ఆగుతుంది. కానీ మా ఆయన మీసం ఎటువైపు పొడుగో తెలిసిన మనిషి ఈ ఊళ్ళో నేను కాక ఇంకొకరు ఉన్నారు.